డిక్రీ నుంచి చెల్లింపు దాకా: తెలుగు నేలలో ప్రభుత్వ పరిహారాల జాప్యం - చారిత్రక పరిశీలన

వ్యాససంగ్రహం

ప్రభుత్వం వల్ల నష్టపోయిన పౌరునికి న్యాయస్థానం పరిహారం విధించిన తరువాత కూడా ఆ సొమ్ము చేతికి అందడానికి ఏళ్లు పట్టడం తెలుగు ప్రాంతాలలో చాలాకాలంగా ఉన్న స్థితి. నిధుల కొరతే దీనికి కారణమని సాధారణంగా భావిస్తారు. అయితే భారత రాజ్యాంగం డిక్రీ సొమ్మును శాసనసభ ఓటుతో పనిలేని ఖర్చుల సరసన చేర్చింది. అందువల్ల కొరత ఒక్కటే ఈ జాప్యాన్ని వివరించలేదు. బాధ్యతపై వివాదం, అప్పీళ్లు, అమలు అనే మూడు దశలుగా జాప్యాన్ని విడదీసి, ఒక్కొక్కదాని చరిత్రను ఈ వ్యాసం పరిశీలిస్తుంది. ఆంధ్రప్రదేశ్ నుంచి సుప్రీంకోర్టు దాకా వెళ్లిన రెండు దావాలు, భూసేకరణ చట్టాలు, ముషీరాబాదు కేంద్రంగా నడిచే ఆర్టీసీకి వర్తించే మోటారు వాహనాల చట్టం ఇందుకు ఆధారాలు.

కీలకపదాలు: పరిహారం, డిక్రీ, సార్వభౌమ రక్షణ, సంచితనిధి, భూసేకరణ, అమలు దరఖాస్తు, ఆర్టీసీ, ముషీరాబాదు.

1. ఉపోద్ఘాతం

తార్నాక పక్కనున్న ఉస్మానియా విశ్వవిద్యాలయ ప్రాంగణానికి కొద్ది దూరంలోనే ముషీరాబాదు ఉంది. ఆర్టీసీ ప్రధాన కార్యాలయమైన బస్ భవన్ అక్కడిదే. ప్రమాద పరిహారం చెల్లించనందుకు కోర్టు అమీనా వచ్చి డిపోలో బస్సును జప్తు చేశాడన్న వార్త తెలుగు దినపత్రికల జిల్లా పేజీలు చదివేవారికి కొత్త కాదు. భూసేకరణ పరిహారం చెల్లించనందుకు రెవెన్యూ అధికారి వాహనాన్నో, కార్యాలయంలోని కుర్చీలనో జప్తు చేయబోయారన్న వార్తలూ అంతే పరిచితం. చదివినవారు నవ్వుకుని పేజీ తిప్పేస్తారు. కాని అమీనా ఆ గుమ్మం దాకా రావడానికి ముందు ఒక కుటుంబం ఎన్నేళ్లు ఎదురుచూసిందో ఆ వార్తలో సాధారణంగా ఉండదు.

ఆ ఎదురుచూపే ఈ వ్యాసానికి విషయం. ప్రభుత్వ బాధ్యతపై న్యాయశాస్త్ర గ్రంథాలలో విస్తృతమైన చర్చ ఉంది. ఆ చర్చ చాలావరకు 'ప్రభుత్వం చెల్లించాలా, వద్దా' అన్న ప్రశ్న దగ్గర ఆగిపోతుంది. చెల్లించాలని తేలిన తరువాత ఏం జరుగుతుందన్నది చరిత్ర రచనలో వెనుకబడిన ప్రశ్న. వాది దృష్టిలో మాత్రం తీర్పు కథకు సగం మాత్రమే.

2. మొదటి దశ: బాధ్యతపై వివాదం

ప్రభుత్వంపై దావా వేసే హక్కు ఈ దేశంలో కంపెనీ పాలన నాటి వారసత్వం. 1858 భారత ప్రభుత్వ చట్టంలోని 65వ సెక్షన్, 1915 చట్టంలోని 32వ సెక్షన్, 1935 చట్టంలోని 176వ సెక్షన్, ఇప్పటి రాజ్యాంగంలోని 300వ అధికరణం - ఇవన్నీ ఒకే గొలుసులోని కడియాలు. ఈస్టిండియా కంపెనీపై ఏ దావా చెల్లేదో తరువాతి ప్రభుత్వంపైనా అదే చెల్లుతుందన్నది వీటి సారం.

ఈ గొలుసుకు మొదటి వ్యాఖ్యానం 1861లో కలకత్తాలో వచ్చింది. కిదిర్‌పూర్ ప్రభుత్వ నౌకాశాల పనివారు మోసుకెళ్తున్న ఇనుప సామాను వల్ల పీ అండ్ ఓ కంపెనీ బండి గుర్రానికి గాయమైంది. నష్టం 350 రూపాయలు. ప్రైవేటు వ్యక్తులు కూడా చేయగల పనిలో జరిగిన నిర్లక్ష్యానికి ప్రభుత్వం బాధ్యత వహించాలని, సార్వభౌమాధికారంతో చేసే పనులకు ఆ బాధ్యత ఉండదని ప్రధాన న్యాయమూర్తి బార్న్స్ పీకాక్ నాయకత్వంలోని ధర్మాసనం గీత గీసింది. కోస్తాంధ్ర, రాయలసీమ జిల్లాలపై అధికార పరిధి ఉన్న మద్రాసు హైకోర్టు 1882లో హరిభంజి వ్యాజ్యంలో ఈ గీతను అంత కఠినంగా అంగీకరించలేదు. అదనంగా వసూలు చేసిన ఉప్పు సుంకం తిరిగి ఇమ్మన్న దావా చెల్లుతుందని, సార్వభౌమాధికారం పేరు చెప్పినంత మాత్రాన విచారణ ఆగదని అది చెప్పింది.

స్వాతంత్ర్యానంతరం 1956లో లా కమిషన్ తన మొదటి నివేదికను ఈ విషయంపైనే ఇచ్చింది. ప్రభుత్వ బాధ్యతను శాసనం ద్వారా స్పష్టం చేయాలని కోరింది. దాన్ని అనుసరించి పార్లమెంటు ముందుకు వచ్చిన బిల్లులు చట్టం కాలేదు. 1964లో కస్తూరిలాల్ తీర్పు పాత గీతను మళ్లీ గట్టిపరచింది. మీరట్ పోలీసులు స్వాధీనం చేసుకున్న బంగారాన్ని మాల్‌ఖానాలో ఉండగా ఒక హెడ్ కానిస్టేబుల్ కాజేసి పాకిస్తాన్‌కు పారిపోయాడు. నిర్లక్ష్యం రుజువైంది. అయినా పోలీసు అధికారం సార్వభౌమ అధికారమన్న కారణంతో యజమానికి పరిహారం దక్కలేదు.

3. తెలుగు నేల నుంచి రెండు దావాలు

కస్తూరిలాల్ తీర్పు నీడ నుంచి న్యాయశాస్త్రాన్ని బయటికి తెచ్చిన వ్యాజ్యాలలో రెండు ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లినవి కావడం గమనార్హం.

మొదటిది ఎన్. నాగేంద్రరావు అండ్ కో వ్యాజ్యం. ఎరువులు, ఆహారధాన్యాల వ్యాపారం చేసే ఈ సంస్థ ఆవరణలో 1975 ఆగస్టు 11న విజిలెన్స్ విభాగం పోలీసు ఇన్‌స్పెక్టరు నిత్యావసర వస్తువుల చట్టం కింద సరుకును స్వాధీనం చేసుకున్నాడు. ఎరువులను రైతులకు పంచేందుకు వ్యవసాయాధికారికి అప్పగించారు. ఆయన పంచలేదు. ఎరువు పాడైపోతున్నదని, తనకైనా ఇవ్వమని, లేదా అమ్మి సొమ్ము జమ చేయమని యజమాని ఆ సెప్టెంబరులోనే దరఖాస్తులు పెట్టుకున్నాడు. జవాబు లేదు. 1976 జూన్‌లో వెలువడిన ఉత్తర్వు లెక్కల నిర్వహణలో లోపం తప్ప పెద్ద ఉల్లంఘన లేదని తేల్చి, కొంత భాగం మినహా సరుకును విడుదల చేసింది. తీసుకోవడానికి వెళ్లేసరికి ఎరువు పరిమాణంలోనూ నాణ్యతలోనూ చెడిపోయి ఉంది. నష్టం లక్షా ఆరు వేల రూపాయల పైచిలుకు. విచారణ కోర్టు డిక్రీ ఇచ్చింది. హైకోర్టు కస్తూరిలాల్‌ను అనుసరించి దాన్ని కొట్టివేసింది. 1994 సెప్టెంబరు 6న న్యాయమూర్తి ఆర్.ఎం. సహాయ్ రాసిన తీర్పుతో సుప్రీంకోర్టు పరిహారాన్ని నిలబెట్టింది. సరుకు పోయిన నాటికి, హక్కు తేలిన నాటికి మధ్య పందొమ్మిదేళ్లు గడిచాయి.

రెండవది కోయిలకుంట్ల సబ్‌జైలు ఘటన. 1977 మే 5-6 తేదీల మధ్య రాత్రి, తెల్లవారుజామున మూడున్నర ప్రాంతంలో కొందరు కర్నూలు జిల్లాలోని ఆ జైలులోకి ప్రవేశించి, చల్లా చిన్నప్పరెడ్డి, ఆయన కుమారుడు చల్లా రామకృష్ణారెడ్డి ఉన్న గదిలోకి బాంబులు విసిరారు. తండ్రి మరణించాడు. కుమారుడు గాయాలతో బయటపడ్డాడు. ప్రాణభయం ఉందని ముందే చెప్పినా తగిన కాపలా పెట్టలేదన్నది వాదుల ఫిర్యాదు. పది లక్షలు కోరుతూ వేసిన దావాను విచారణ కోర్టు కాలపరిమితి దాటిందంటూ కొట్టివేసింది. హైకోర్టు ఆ అడ్డంకిని తొలగించి, 1,44,000 రూపాయల పరిహారాన్ని దావా తేదీ నుంచి ఆరు శాతం వడ్డీతో విధించింది. ప్రభుత్వం సుప్రీంకోర్టుకు వెళ్లింది. జీవించే హక్కుకు భంగం కలిగినప్పుడు సార్వభౌమ రక్షణ వాదం చెల్లదని 2000 ఏప్రిల్ 26న సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. ఇక్కడ గడిచిన కాలం దాదాపు ఇరవై మూడేళ్లు.

నేటి న్యాయ విద్యార్థికి ఈ రెండు తీర్పులూ విజయ గాథలు. అంకెల వైపు నుంచి చూస్తే మరో కథ కనిపిస్తుంది. 1,44,000 రూపాయలపై ఆరు శాతం సాధారణ వడ్డీ ఏడాదికి 8,640 రూపాయలు. ఆ లెక్కన పదిహేడేళ్లు నిండేలోగా వడ్డీ అసలును దాటుతుంది. ప్రభుత్వం అప్పీళ్లతో గడిపిన ప్రతి ఏడూ ఖజానాకు ఆదా కాలేదు, భారమే అయింది. అటు వాదికీ లాభం లేదు. వడ్డీకి వడ్డీ లేని ఆరు శాతం, పెరిగే ధరలను అందుకోలేదు. ఇరుపక్షాలూ నష్టపోయిన ఈ లెక్కలో నిలిచినది జాప్యం ఒక్కటే.

4. రెండవ దశ: అప్పీళ్లు

బాధ్యత తేలిన తరువాత వచ్చే కాలవ్యయం 1908 సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో పాతుకుపోయి ఉంది. ప్రభుత్వంపై దావా వేయడానికి 80వ సెక్షన్ రెండు నెలల ముందస్తు నోటీసు కోరుతుంది. నోటీసు అందిన అధికారి తప్పు సరిదిద్దుకుని, దావా అవసరం లేకుండా చేస్తాడన్నది దీని ఉద్దేశం. ఆచరణలో చాలా నోటీసులకు జవాబు కూడా రాదు.

దావా గెలిచిన తరువాత మరో మెట్టు ఎదురవుతుంది. డిక్రీపై అప్పీలు వేసి స్టే కోరే సాధారణ ప్రతివాది నుంచి న్యాయస్థానం పూచీకత్తు అడగవచ్చు. 27వ ఆర్డరులోని 8ఏ నియమం ప్రభుత్వం నుంచి అలాంటి పూచీకత్తు కోరరాదంటుంది. ప్రభుత్వం దివాలా తీయదు, పారిపోదు అన్న నమ్మకం దీని వెనుక ఉంది. ఆ నమ్మకంలో తప్పు లేదు. కాని వాది భయం ప్రభుత్వం పారిపోతుందని కాదు, తాను ఉండగా చెల్లించదని. మధ్యవర్తిత్వ తీర్పుల సందర్భంలో ఈ నియమం ప్రభుత్వానికి ప్రత్యేక హోదా ఇవ్వదని, సొమ్ము జమ చేయమని షరతు విధించవచ్చని పామ్ డెవలపర్స్ వ్యాజ్యంలో సుప్రీంకోర్టు 2019లో స్పష్టం చేసింది. ఆ స్పష్టత రావడానికి కోడ్ అమలులోకి వచ్చిన తరువాత నూరేళ్లకు పైగా పట్టింది.

అప్పీళ్లన్నీ దురుద్దేశంతో వేసేవి కావు. పరిహారం ప్రజాధనం. కుమ్మక్కుతో సంపాదించిన డిక్రీలు, నకిలీ పత్రాలతో వేసిన భూమి దావాలు ఉంటాయి. వాటిని ఎదుర్కోవడం ప్రభుత్వ న్యాయవాది బాధ్యతే. అయితే ఏ డిక్రీ అనుమానాస్పదం, ఏది కాదు అని తేల్చే బాధ్యతను తన మీద వేసుకునే అధికారి అరుదు. చెల్లించి ఆడిటు ప్రశ్న ఎదుర్కోవడం కన్నా అప్పీలు వేసి కాలాన్ని కోర్టుకు అప్పగించడం అతనికి క్షేమం. అప్పీలు వేయనందుకు సంజాయిషీ అడుగుతారు, వేసినందుకు అడగరు.

5. మూడవ దశ: అమలు

అప్పీళ్లు ముగిశాక కూడా సొమ్ము వెంటనే రాదు. 82వ సెక్షన్ ప్రకారం ప్రభుత్వంపై వచ్చిన డిక్రీని మూడు నెలల పాటు చెల్లించకుండా ఉంటేనే అమలు చేయించవచ్చు. ఈ సెక్షన్ పాత రూపం ఇంకా ఆసక్తికరం. 1908 నాటి పాఠం ప్రకారం డిక్రీలోనే చెల్లింపు గడువు రాయాలి. గడువు దాటితే న్యాయస్థానం స్థానిక ప్రభుత్వానికి నివేదిక పంపాలి. ఆ నివేదిక తేదీ నుంచి మరో మూడు నెలలు ఆగాలి. అంటే బాకీ తీరలేదన్న ఫిర్యాదు మొదట బాకీదారు బల్ల మీదికే చేరేది. 1976 సవరణ ఈ నివేదిక పద్ధతిని తొలగించి, మూడు నెలలను డిక్రీ తేదీ నుంచే లెక్కించమంది. హైదరాబాదు సంస్థానానికి అప్పటిదాకా వేరే కోడ్ ఉండేది. 1951 ఏప్రిల్ 1 నుంచి భారత కోడ్ ఇక్కడికీ విస్తరించడంతో తెలంగాణ వాదులు కూడా ఇదే వరుసలోకి వచ్చారు.

మూడు నెలల తరువాత డిక్రీదారు అమలు దరఖాస్తు వేయాలి. జప్తు ఉత్తర్వు వచ్చి అమీనా బయలుదేరితే కార్యాలయంలో కదలిక మొదలవుతుంది. ఈలోగా దస్త్రం ప్రభుత్వ న్యాయవాది అభిప్రాయం, న్యాయశాఖ సలహా, సంబంధిత శాఖ మంజూరు, ఆర్థికశాఖ విడుదల ఉత్తర్వు, ఖజానా బిల్లు అన్న మజిలీలు దాటాలి. ఒక్కో మజిలీ దానికదిగా అర్థవంతమే. అన్నీ కలిసి ఎన్నాళ్లలో ముగియాలో చెప్పే నియమం మాత్రం కనిపించదు.

ఇక్కడే రాజ్యాంగం వైపు తిరిగి చూడాలి. 202వ అధికరణంలోని మూడవ క్లాజు రాష్ట్ర సంచితనిధిపై మోపిన ఖర్చులను పేర్కొంటుంది. గవర్నరు జీతభత్యాలు, శాసనసభాపతి జీతం, రాష్ట్ర రుణాలపై వడ్డీ, హైకోర్టు న్యాయమూర్తుల జీతాలు ఆ జాబితాలో ఉన్నాయి. వాటి పక్కనే న్యాయస్థానపు తీర్పును, డిక్రీని, మధ్యవర్తిత్వ నిర్ణయాన్ని తీర్చడానికి కావలసిన సొమ్ము కూడా ఉంది. 203వ అధికరణం ప్రకారం ఇలాంటి ఖర్చును శాసనసభ చర్చించవచ్చు గాని ఓటుకు పెట్టరాదు. బడ్జెట్ పుస్తకాలు దీన్నే 'ఛార్జ్‌డ్' ఖర్చు అంటాయి. 1935 చట్టంలోని 78వ సెక్షన్ నుంచి వచ్చిన ఈ ఏర్పాటు వెనుక ఆలోచన స్పష్టం. న్యాయస్థానం చెప్పిన బాకీని ఏ సభా తన మెజారిటీతో ఎగ్గొట్టకూడదు.

గవర్నరు జీతం నెల తిరిగేసరికి అందుతుంది. న్యాయమూర్తి జీతమూ అంతే. అదే జాబితాలోని డిక్రీదారు మాత్రం ఖజానా వద్ద ఎదురుచూస్తాడు. మొదటి రెంటికీ చెల్లింపు తేదీ ఉంది. డిక్రీకి లేదు. రాజ్యాంగం అతనికి వరుసలో స్థానం ఇచ్చింది, గడువు ఇవ్వలేదు. ఈ ఖాళీలోనే జాప్యం నిలదొక్కుకుంది.

6. భూసేకరణ: రెండు శాఖల మధ్య రైతు

ఈ ఖాళీ బరువు ఎక్కువగా పడేది భూమి కోల్పోయిన వారిపైన. నాగార్జునసాగర్, శ్రీశైలం, శ్రీరామసాగర్ వంటి ప్రాజెక్టుల కింద భూములు పోయినవారికి 1894 భూసేకరణ చట్టమే వర్తించింది. అధికారి నిర్ణయించిన ధర చాలదనుకున్న రైతు 18వ సెక్షన్ కింద సివిల్ కోర్టుకు వెళ్లాలి. కోర్టు ధర పెంచితే ఆ పెంపుపై 28వ సెక్షన్ కింద వడ్డీ వస్తుంది. 1984 సవరణ ఈ వడ్డీని భూమి స్వాధీనమైన మొదటి ఏడాదికి తొమ్మిది శాతం, ఆపైన పదిహేను శాతంగా పెంచింది. ఇష్టంలేని సేకరణకు ఇచ్చే సొలేషియంను ముప్ఫై శాతం చేసింది. పెంపు లక్ష రూపాయలైతే ఎనిమిదో ఏడు ముగిసేసరికి వడ్డీయే 1,14,000 అవుతుంది. జాప్యం ఖరీదైతే ప్రభుత్వం త్వరపడుతుందన్నది శాసనకర్తల ఆశ.

ఆ ఆశ ఎందుకు ఫలించలేదో పాలన నిర్మాణం చెబుతుంది. భూమి తీసుకునేది రెవెన్యూ శాఖ. భూమి కావాలని అడిగేది, డబ్బు ఇవ్వవలసినది నీటిపారుదల శాఖో మరొకటో. కోర్టు నోటీసు అందేది భూసేకరణాధికారికి. అతని చేతిలో నిధి లేదు. నిధి ఉన్న శాఖకు నోటీసు వేడి తగలదు. ఆలస్యపు వడ్డీ ఏ అధికారి జీతం నుంచీ పోదు. దస్త్రం కదిలేనాటికి ఆ అధికారి బదిలీ అయి ఉంటాడు.

2014 జనవరి 1 నుంచి అమలైన 2013 భూసేకరణ చట్టం మరో ఒత్తిడిని తెచ్చింది. పాత చట్టం కింద తీర్పు వెలువడి అయిదేళ్లు దాటినా స్వాధీనం గాని చెల్లింపు గాని జరగకపోతే సేకరణే రద్దవుతుందని 24వ సెక్షన్‌లోని రెండవ ఉపసెక్షన్ పాఠం. దీన్ని ఎలా చదవాలన్న వివాదాన్ని 2020 మార్చి 6న ఇండోర్ అభివృద్ధి సంస్థ వ్యాజ్యంలో అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ముగించింది. స్వాధీనమూ చెల్లింపూ రెండూ జరగనప్పుడే రద్దు వర్తిస్తుందని తేల్చింది. భూమి ఇప్పటికే ప్రభుత్వం చేతిలో ఉంటే, చెల్లింపు జరగకపోవడం ఒక్కటే ఇక సేకరణను కదిలించదు.

మిగిలిన ఆయుధం కోర్టు ధిక్కార చర్య. నెల్లూరు జిల్లాలో ఒక మహిళా రైతు భూమిని ప్రభుత్వం తీసుకుంది. మూడు నెలల్లో పరిహారం చెల్లించమని హైకోర్టు 2017లో ఆదేశించింది. సొమ్ము 2021లో అందింది. ఆ సెప్టెంబరులో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు పలువురు ఐఏఎస్ అధికారులకు జైలు శిక్ష, జరిమానా విధించి, అప్పీలుకు వీలుగా అమలును నిలిపి ఉంచింది. మూడు నెలల పని నాలుగేళ్లు పట్టింది. ధిక్కార చర్యకు 1971 చట్టం ఏడాది పరిమితి పెట్టింది కనుక ఆ తలుపు తట్టడానికి కూడా రైతు అప్రమత్తంగా ఉండాలి, వకీలును పెట్టుకోగలిగి ఉండాలి.

7. ముషీరాబాదు చూపే పోలిక

గడువు పెడితే ఫలితం ఉంటుందా? ఈ ప్రశ్నకు ఆర్టీసీ చరిత్రలో ఒక ఆధారం దొరుకుతుంది. 1932లో నిజాం రాష్ట్ర రైల్వేలో భాగంగా 27 బస్సులతో మొదలైన ఈ రవాణా సేవ 1958 జనవరి 11న ఆంధ్రప్రదేశ్ రాష్ట్ర రోడ్డు రవాణా సంస్థగా మారింది. యజమాని ప్రభుత్వమే అయినా సంస్థ వేరే చట్టబద్ధ వ్యక్తి. అందువల్ల ప్రభుత్వానికి ఉన్న 82వ సెక్షన్ రక్షణ దానికి లేదు.

ప్రమాద బాధితులకు 1988 మోటారు వాహనాల చట్టం ఇచ్చిన సాధనాలు సివిల్ కోడ్‌లో లేనివి. 168వ సెక్షన్ ప్రకారం ట్రిబ్యునల్ తీర్పు వెలువడిన ముప్ఫై రోజుల్లో మొత్తం సొమ్ము జమ చేయాలి. 173వ సెక్షన్ ప్రకారం అప్పీలు వేయాలంటే ముందుగా 25,000 రూపాయలు, లేదా తీర్పు మొత్తంలో సగం, ఏది తక్కువైతే అది జమ కట్టాలి. చెల్లించకపోతే 174వ సెక్షన్ కింద భూమి శిస్తు బకాయిలా వసూలు చేయవచ్చు. ప్రభుత్వ రవాణా సంస్థలకు తప్పనిసరి బీమా నుంచి 146వ సెక్షన్ మినహాయింపు ఇవ్వవచ్చు, కాని పరిహారాల కోసం ప్రత్యేక నిధి నిర్వహించాలన్న షరతుతో.

ఈ చట్టం కింద జాప్యం లేదని కాదు. లేకుంటే అమీనా డిపోకు వచ్చే అవసరమే ఉండదు. తేడా ఎక్కడంటే, ఇక్కడ ఆలస్యం ముప్ఫై ఒకటో రోజున ఉల్లంఘనగా మారుతుంది. బాధితునికి చూపడానికి ఒక తేదీ ఉంది. ఆగిపోయిన బస్సు రోజువారీ ఆదాయాన్ని ఆపుతుంది కనుక చెల్లించవలసినవారికి నొప్పి తెలుస్తుంది. కార్యాలయపు కుర్చీ జప్తు అయితే ఆ నొప్పి ఎవరిదీ కాదు.

8. ఇతర దేశాల అనుభవం

ఈ సమస్య మనది మాత్రమే కాదు. బ్రిటన్ 1947 చట్టం ప్రభుత్వంపై దావాలను సులభం చేసినా, ప్రభుత్వ ఆస్తుల జప్తును నిషేధించింది. అమెరికా 1956లో తీర్పుల చెల్లింపు కోసమే శాశ్వత నిధిని ఏర్పరచింది. ఒక్కో తీర్పుకూ చట్టసభ కేటాయింపు కోసం ఆగే అవసరాన్ని అది చాలావరకు తీర్చింది. రష్యాలో చెర్నోబిల్ సహాయక చర్యల్లో పాల్గొని ఆరోగ్యం కోల్పోయిన వ్యక్తికి కోర్టు చెప్పిన సొమ్ము అందకపోతే, నిధులు లేవన్నది సాకు కాదని ఐరోపా మానవ హక్కుల న్యాయస్థానం బుర్దోవ్ వ్యాజ్యంలో 2002లో చెప్పింది. దక్షిణాఫ్రికా రాజ్యాంగ న్యాయస్థానం 2008లో న్యాతీ వ్యాజ్యంలో ప్రభుత్వ ఆస్తుల జప్తును నిషేధించిన నిబంధన రాజ్యాంగ విరుద్ధమని ప్రకటించింది. ఈ అనుభవాలన్నీ కలిపి చూస్తే, తీర్పు అమలు కాకపోవడం న్యాయం అందకపోవడమేనన్న అవగాహన క్రమంగా బలపడిందని తెలుస్తుంది.

9. ముగింపు

పై పరిశీలన నుంచి తేలే అంశాలు ఇవి.

1. జాప్యానికి మూడు పొరలున్నాయి. బాధ్యతపై వివాదం అన్న మొదటి పొరను 1994, 2000 సంవత్సరాల తీర్పులు చాలావరకు పలచబరచాయి. అందులో తెలుగు వాదుల పాత్ర గణనీయం.

2. అప్పీళ్లు, అమలు అన్న మిగతా రెండు పొరలు 1908 కోడ్ నీడలోనే ఉన్నాయి. 1976 సవరణ వాటిని కొంత తగ్గించింది గాని తొలగించలేదు.

3. డిక్రీ సొమ్ముకు సంచితనిధిపై ఉన్న హోదా సభ నుంచి వాదిని కాపాడింది. కార్యాలయం నుంచి కాపాడలేకపోయింది.

4. వడ్డీ శిక్షగా పనిచేయలేదు. అది చెల్లించేవాని జేబు నుంచి రాదు కాబట్టి.

5. మోటారు వాహనాల చట్టంలోని ముప్ఫై రోజుల గడువు, ముందస్తు జమ అన్న రెండు సూత్రాలను ప్రభుత్వ డిక్రీలకూ వర్తింపజేయడానికి సిద్ధాంతపరమైన అడ్డంకి కనిపించదు. అందుకు కావలసినది కొత్త హక్కు కాదు, ఉన్న హక్కుకు ఒక తేదీ.

ఎరువు చెడిపోకముందే పెట్టుకున్న దరఖాస్తుకు 1975 సెప్టెంబరులో ఎవరైనా జవాబిచ్చి ఉంటే నాగేంద్రరావు వ్యాజ్యం న్యాయ నివేదికలలోకి ఎక్కేది కాదు. మన న్యాయ చరిత్రలోని గొప్ప తీర్పులలో కొన్ని ఇలా సకాలంలో రాని జవాబుల నుంచే పుట్టాయి. వాటిని బోధించే తరగతి గదులలో తీర్పు సంవత్సరంతో పాటు నష్టం జరిగిన సంవత్సరాన్ని కూడా పలకపై రాసి, రెంటి మధ్య దూరాన్ని విద్యార్థులతో లెక్కింపజేయడం అవసరం.